ఆఖరి షిఫ్టు తొలి ఆల్బమ్

పెళ్ళికూతురి పేరు దగ్గర తాతగారు మళ్ళీ తడబడ్డారు. హైమవతి స్వరపట్టీని వెనక్కి లాగి, ఆ పేరును ఆయన గొంతులో ఇంకోసారి పలికించింది. ఈసారి బాగానే వచ్చింది. ఎప్పుడో పోయిన పెద్దాయన, తాను చూడనే చూడని మునిమనవరాలిని పేరు పెట్టి పిలిచి, పిల్లాపాపలతో చల్లగా ఉండమని దీవించారు. చివర్లో చిన్న దగ్గు మిగిలితే దాన్ని కూడా తుడిచేసింది. పెళ్ళిపందిట్లో దగ్గు ఎవరికి కావాలి?

ముహూర్తాలు దగ్గరపడితే నాదశాలలో పోయినవాళ్ళకు క్షణం తీరిక ఉండదు. దీవెనలు, గృహప్రవేశాల పిలుపులు, అలిగిన అల్లుళ్ళకు బుజ్జగింపులు. అన్నిటినీ పూరణి అనే యంత్రం అల్లుతుంది. అల్లినదాన్ని ఒక మనిషి విని ముద్ర వెయ్యాలన్న నియమం ఇంకా మిగిలి ఉంది కాబట్టి హైమవతి ఉద్యోగం కూడా మిగిలింది. ఆమెకు తన పని మీద నమ్మకం ఉంది. గొంతులో ఎక్కడ ఖాళీ కనబడినా నింపకుండా ఉండలేదు. ఇంట్లో ఎవరైనా మాట మధ్యలో ఆగితే చాలు, మిగతాది తనే అందించేస్తుంది. దానికి వాళ్ళాయన విసుక్కుంటాడు కూడా.

ఇవాళ దీవెనలు తొందరగా ముగించాలి. మధ్యాహ్నం ఒక ఆల్బమ్ ఉంది.

ఆల్బమ్ అనే మాట విని చాలాకాలమైంది. పాటలన్నీ ఇప్పుడు 'ఏరు' అనే ఒకే ప్రవాహంలో పారుతున్నాయి. నిద్ర పట్టనివాడికి మెల్లగా, పరుగెత్తేవాడికి జోరుగా, కోపంలో ఉన్నవాడికి తిట్లు తీసేసి, ఎవరి చెవికి తగ్గట్టు వారికి మారుతూ వెళతాయి. స్థిరముద్ర పడ్డ ఆల్బమ్ ఒక్కటే ఎవరి కోసమూ మారదు. ఆ ముద్ర కోసం అర్జీ పెట్టేవాళ్ళు వేలల్లో ఉంటే, దక్కేది ఏ కొద్దిమందికో. ఈసారి గోదావరిఖని నుంచి ఒక హిప్‌హాప్ బృందానికి దక్కింది. పేరు ఆఖరి షిఫ్టు. ఈ సాయంత్రంలోగా ఆల్బమ్ పూర్తి కాకపోతే వాళ్ళ వంతు వెళ్ళిపోతుంది. మళ్ళీ వస్తుందన్న భరోసా లేదు.

వాళ్ళు మనుషులుగా వచ్చారు. అదే మొదటి వింత. గొంతుముద్ర పంపితే చాలు, పాడేవాళ్ళు నాదశాల గడప తొక్కనక్కరలేదు. తొక్కి ఏళ్ళవుతోంది కూడా. గాజుగదిలోని మైకు మీద గుడ్డ కప్పి ఉంటే, హైమవతి హడావిడిగా దాన్ని తీసి దులిపింది.

"నేను మొగిలి మేడం. ఈమె మా చెల్లె స్వరూప," అన్నాడు లోపలికి వచ్చిన మనిషి. పొడుగ్గా, వంగిన భుజాలతో ఉన్నాడు. అతని వెనక నిలబడ్డ స్వరూప గదంతా చూస్తోంది తప్ప నోరు విప్పలేదు.

"ముద్రలు పంపారు కదా. మీరు రాకపోయినా పనైపోయేది," అంది హైమవతి.

"పాడుడే మా పని గదా మేడం. దానిగ్గూడ ఇంకొకల్ని తోలుదుమా?"

హైమవతికి నవ్వొచ్చింది. కుర్చీలు చూపించి, ఆల్బమ్ పట్టీని గోడ మీదికి తెచ్చింది. ఎనిమిది పాటలు పచ్చగా వెలుగుతున్నాయి. తొమ్మిదోది, బొగ్గుగని మూతపడటం మీద కట్టిన 'బాయి మూత', సగం పచ్చ, సగం బూడిదరంగు. బూడిదరంగు ఉన్నచోటల్లా ఓదెలు అన్న పేరుంది.

ఓదెలు ఈ బృందంలో మూడో గొంతు. స్వరూప భర్త. మూతపడ్డ గనుల మీద కరెంటు కోసం బారులుగా పరిచిన సూర్యఫలకాలను తుడవడం అతని ఉద్యోగం. మొన్నటి ఎండాకాలం తుడుస్తూ తుడుస్తూనే వడదెబ్బకు కూలిపోయాడు. అర్జీ పెట్టినప్పుడు ముగ్గురూ ఉన్నారు. వంతు వచ్చేసరికి ఇద్దరే మిగిలారు. ఎనిమిది పాటల్లో అతను స్వయంగా పాడిన చరణాలు ఉన్నాయి, తొమ్మిదో పాటకే లేవు.

"రాసిపెట్టుకున్నది కూడా ఏమీ లేదా?"

"మేం ముందుగాల రాస్కోం మేడం," అన్నాడు మొగిలి. "మా కాడ మాట అందిచ్చుడు ఉంటది. నా ఆఖరి మాట చెల్లె అందుకుంటది, దాని మీద్నే లేస్తది. చెల్లె ఆఖరి మాట మా బావ అందుకుంటడు. బావది మళ్ళ నాకు. అందిన మాట ఇనకుంట నోరు తెరిస్తే తప్పు. బాయిల మా నాయినలు గట్లనే జేసేటోళ్ళట. చీకట్ల మనిషి కనవడడు గదా. పైనోడు అన్న మాట కిందోడు మళ్ళ అంటెనే సామాను చేతికెల్లి ఇడుస్తరు."

"మరి ఈ పాట?"

"మేము అందుకునేటాల్లకు బావ లేకపాయె."

హైమవతి తల ఊపింది. ఇలాంటివి పూరణికి చాలా తేలిక. అతని గొంతుముద్ర ఉంది, ఎనిమిది పాటలున్నాయి, అందాల్సిన మాట స్వరూప నోట్లోంచి వస్తుంది. జవాబు అల్లడమెంతసేపు? పాపం, ఇంత చిన్న పనికి అంత దూరం నుంచి వచ్చారే అనిపించింది.

గాజుగదిలో డప్పు మొదలైంది. దాని కింద బరువైన బేస్. మొగిలి మైకు దగ్గరికి వంగాడు.

*బాయి మూసిండ్రు, బోర్డు పీకిండ్రు, బస్సు బందువెట్టిండ్రు,*
*మా నాయిన నెత్తి మీది లైటు ఇంట్ల ఇంకా ఎలుగుతాంది,*
*దిగినోళ్ళ పేర్లు ఏ గోడ మీదా లేవు,*
*ఎక్కచ్చినోళ్ళ కాళ్ళ కింద అరిగినయ్ మెట్లు.*

స్వరూప అందుకుంది. అంతవరకు ఒక్క మాటా మాట్లాడని మనిషికి ఇంత గొంతుందా అని హైమవతి ఆశ్చర్యపోయింది.

*మెట్లెన్నో అమ్మకెర్క లే, సద్ది కట్టుడే ఎరుక,*
*సైరన్ కూస్తె పొయ్యి ముట్టిచ్చె, కూస్తె మళ్ళ ఆర్పె,*
*ఎండల అద్దాలు తుడిచి నా మొగడు ఇల్లు జేరితే,*
*అంగీ పిండితె బకెట్ల నిండె చెమట.*

పూరణి రెప్పపాటు కూడా తీసుకోలేదు. గాజుగదిలోని స్పీకర్ల నుంచి ఓదెలు లేచాడు.

*చెమట నాది, కరెంటు ఊరిది, నీడ ఎవ్వనిదో తెల్వది,*
*అద్దంల నా మొఖం జూస్కుంట అద్దమే తుడిచిన,*
*నాయిన చీకటికి కూలోడు, నేను సూర్యునికి కూలోణ్ణి,*
*ఇద్దరి చేతులకు అంటింది మాత్రం ఒక్కటే మసి.*

మొగిలి "బావా!" అని పెద్దగా అరిచి, గోడకు చెయ్యి ఆనించి నిలబడిపోయాడు. కళ్ళనీళ్ళు తుడుచుకోవాలన్న ధ్యాస కూడా లేదతనికి. హైమవతికి గొప్ప తృప్తి కలిగింది. ఇలాంటి రోజుల కోసమే కదా ఈ ఉద్యోగం. మొగిలి ఇక 'మసి' అందుకుంటే చివరి చరణం, ఆ తర్వాత ముద్ర, ఇంకా పొద్దుండగానే ఇంటికి పోవచ్చు.

"ఇంకొక్కసారి," అంది స్వరూప.

ఈసారి ఆమె చివరి పాదం మార్చింది. *చెమట* తీసి *నిద్ర* అంది. ఓదెలు నిద్ర గురించి పాడాడు. మళ్ళీ మార్చింది. *బువ్వ* అంటే బువ్వ మీద లేచాడు. *బతుకమ్మ* అంటే పూలు కోసుకొచ్చిన చెరువుగట్టు గురించి పాడాడు. తమ బిడ్డ పేరు అందిస్తే, బిడ్డకు జో కొట్టినట్టు గొంతు తగ్గించి పాడాడు. పాట ఎప్పుడో అయిపోయింది. ఆమె మాటలు అందిస్తూనే ఉంది, అతను జవాబు చెబుతూనే ఉన్నాడు. మొగిలి చాయ్ తాగొస్తానని బయటికి వెళ్ళిపోయాడు.

ఆపమని చెప్పడానికి హైమవతికి మనసొప్పలేదు. చాలామందిని చూసింది. మొదటి రోజు అందరూ ఇంతే. కాస్త మాట్లాడనిస్తే వాళ్ళే కుదుటపడతారు.

*ఆనాడు సెలవు వెట్టుమంటె ఇనకపోతివి, ఎందుకు?* అంది స్వరూప.

*ఎందుకని అడుగకు, ఎండ మనల్ని అడిగి కాయదు,* అన్నాడు ఓదెలు. మిగతా మూడు పాదాలు అంతకన్నా బాగున్నాయి.

స్వరూప వినడం ముగించి, చెవులకు పెట్టుకున్నవి తీసి బల్ల మీద పెట్టింది. ముఖంలో దుఃఖం లేదు. ఏదో వస్తువు ఇంట్లో ఎక్కడ పెట్టానా అని వెతుక్కునే మనిషిలా ఉంది.

"ఈయన ఆగుతుండు మేడం."

"ఆగడమేమిటి?"

"నేను మాట అనేదాంక ఆగుతుండు. మా ఆయన ఆగడు."

అప్పుడు చెప్పింది. ఓదెలుకు ఓపిక తక్కువ. అందాల్సిన మాట ఇదేనని పసిగట్టగానే, ఆమె నోట్లోంచి అది పూర్తిగా రాకముందే మీదపడి లాక్కునేవాడు. ఎప్పుడో అరుదుగా తప్ప, ప్రతిసారీ ఆమె చివరి మాట అతని మొదటి మాట కింద నలిగిపోయేది. వినేవాళ్ళు హుషారుగా కేకలు పెట్టేవాళ్ళు. ఆమెకు మాత్రం ఒళ్ళు మండేది. ఇంటికి పోయేదాకా పోట్లాడుకునేవాళ్ళు.

"ఆఖరుపాలి పాడినప్పుడు మస్తు కోపానికచ్చిన మేడం. ఒక్క మాటన్న నన్ను సక్కగ అననియ్యవా, నా నోట్లె మాట గుంజుకోకపోతె పానం ఆగదా అన్న. అందరి ముంగట్నే అన్న. ఆనాడు ఆగిండు. నేను మొత్తం అన్నంక, ఇగ అననా అన్నట్టు నా దిక్కు జూసి మొదలువెట్టిండు. పాట సప్పగ అయింది. నాకెర్కనే. అయినా సరే, దార్లకచ్చిండు అనుకున్న. మళ్ళ పాడుడు కాలే. గుంజుకోనిస్తె నాదేం వోతుండె?"

హైమవతి ఓదెలు గొంతుముద్ర మూలాలను తెరిచింది. "ఆయన అలా పాడినవి ఉంటే చూపించండి. పూరణికి ఆ తీరు నేర్పుదాం. ఎక్కువసేపు పట్టదు."

స్వరూప ఆమె వంక విచిత్రంగా చూసింది.

"మీరే జెప్పిరి గదమ్మా. మంచియే పంపుండ్రి, కడమయి తీసేయుండ్రి అని."

నిజమే, హైమవతి చెప్పిందే. గొంతుముద్ర తీసుకునే ప్రతివారికీ వెళ్ళే సందేశమే అది. ఒక గొంతుకు రెండు తీరులుంటే ముద్ర నిలవదు, మేలైనవి మాత్రమే ఉంచి మిగతావి మూలంతో సహా చెరిపేయండి. పంపే ముందు హైమవతే దాన్ని సరిచూసి, 'దయచేసి' అన్న మాట కూడా చేర్చింది.

"బావ మంచిగ కనవడాలె గదా అని మేమే కూసొని ఏరినం," అన్నాడు మొగిలి. ఎప్పుడు వచ్చాడో గుమ్మంలో నిలబడి ఉన్నాడు. "కాలనీల అందర్ని విలిచి ఇనవెట్టినం. ఎప్పుడో ఓపాలి ఆగి పాడినయ్ ఉన్నయ్. అవ్వే వంపినం. చెల్లె మీదికి ఉరికచ్చినయన్ని తీసేసినం. పోయినోన్ని ఎవడన్న తొందరగాడు అంటాడని..."

అతను మాట ముగించలేదు. హైమవతి కూడా అందివ్వలేదు. చచ్చినవాడికి మర్యాద చేస్తున్నామనుకుని వాళ్ళు, పని శుభ్రంగా చేస్తున్నాననుకుని తాను, అందరూ కలిసి ఆ మనిషిని తుడిచిపెట్టేశారు. ఎనిమిది పాటల్లో ఉన్నవాడు ఓదెలే, కాదనడానికి లేదు. కానీ భార్య మాట ముగిసేదాకా చేతులు కట్టుకుని నిలబడ్డ ఓదెలు. హైమవతికి సిగ్గేసింది, ఏడుపొచ్చింది. ఆ సందేశం ఇప్పటివరకు ఎన్ని ఇళ్ళకు వెళ్ళిందో తలుచుకోవడానికే భయమేసింది.

ఆమె చేతనైనది చేసి చూసింది. ఓదెలు చరణాన్ని కాస్త ముందుకు జరిపి స్వరూప చివరి మాట మీదికి తోసింది. గొంతు మీద గొంతు పడింది, ఏది ఎవరిదో విడిగా తేలడం లేదని పూరణి దాన్ని వెనక్కి నెట్టేసింది. మళ్ళీ తోసింది. మళ్ళీ నెట్టింది.

"ఇడువుండ్రి మేడం," అంది స్వరూప. "జరిపితె మాత్రం, ఉరికచ్చినట్టయితదా? ఆ జాగ ఖాళీ ఉంచుండ్రి. డప్పొక్కటి ఉండనియ్యుండ్రి."

"పూరణి ఖాళీ ఉండనివ్వదమ్మా. చప్పుడు లేని చోటంటే దానికి లోపమే. నేను వదిలినా అది నింపేస్తుంది."

"ఎట్ల జేసినా ఉంచరాదా?"

హైమవతికి తెలిసిన ఒక దారి ఉంది. దాన్ని చెప్పకుండా ఉంటే బాగుండుననిపించింది.

"మైకు ముందు ప్రాణమున్న మనిషి నిలబడి ఉంటే అది ఖాళీ కాదు. నోరు మూసుకుని ఊపిరి పీల్చినా పాడినట్టే. కానీ ఆ ఊపిరి ఎవరిదో పేరు చెప్పాలి. మీ పేరు చెబితే ఈ పాటలో ఓదెలు లేనట్టు. ముగ్గురిలో ఒకరు లేని పాటకు స్థిరముద్ర పడదు."

"ఆయన పేరే జెప్తం."

"చెబితే అదే ఆయన ముద్రలో చేరిపోతుంది. అన్నిటికంటే ఆఖర్న చేరిన పాఠమే పూరణికి దారి. ఆ తర్వాత మీరు ఏ మాట అందించినా ఆయన పలకడు. ఊపిరే వినబడుతుంది. ఇందాకటి దాకా మాట్లాడారు చూడండి, అది ఇక ఉండదు. ఎప్పటికీ."

స్వరూప బల్ల అంచు పట్టుకుంది.

"వద్దు చెల్లె," అన్నాడు మొగిలి. "పిల్ల పెద్దగైనంక నాయినతోని మాట్లాడుతనంటె ఏం జెప్తవ్? ఇయ్యాల కోపంల జేస్తివనుకో, రేపు నువ్వే ఏడుస్తవ్. మసి అని ఎంత మంచిగ అన్నడు! ఉండనియ్యి. ఎవ్వలకెరుక, ఆగిండో ఉరికిండో?"

"నాకెరుకనే అన్నా." స్వరూప అన్నను కసురుకోలేదు. బతిమాలినట్టే మాట్లాడింది. "ఎనిమిది పాటలున్నయ్. అవ్విట్ల ఆయన సొంత గొంతున్నది. పిల్లకు అవ్వి ఇనవెడ్త. మీ నాయిన ఇట్ల ఆగెటోడు కాదు, నేను తిడితె ఆగిండు అని జెప్త. గీయనతోని మాట్లాడనిస్తే, రోజుకో తీరు మంచిమాట జెప్పుకుంట, మర్యాదస్తుడు ఇంకొకడు దానికి నాయినయితడు. మా ఆయన ఎన్నడన్న అన్ని మంచిమాటలు జెప్పిండా?"

మొగిలికి నవ్వు, ఏడుపు ఒక్కసారే వచ్చాయి. తల దించుకుని మైకు వైపు నడిచాడు.

"ఇంకోసారి వింటారా? చివరిసారి?" అని అడిగింది హైమవతి.

స్వరూప చెవులకు పెట్టుకునేవాటిని బల్ల మీది నుంచి మళ్ళీ చేతిలోకి తీసుకుంది. వినాలని ఆమెకు ఎంత ఆశగా ఉందో హైమవతికి కనబడుతూనే ఉంది.

"వద్దు. ఇంటె మళ్ళ జెయ్య."

డప్పు మొదలైంది. మొగిలి చరణం అయింది. స్వరూప *మెట్లు* అందుకుంది. సద్ది, సైరన్, పొయ్యి, అద్దాలు అన్నీ వచ్చాయి. అంగీ పిండింది, బకెట్ నిండింది. *చె* అని, అతను ఎక్కడ మీదపడేవాడో సరిగ్గా అక్కడ, ఆపేసింది.

ఆపి, కదలకుండా నిలబడింది. డప్పు సాగుతోంది. ఆమె ముక్కుతో పీల్చిన గాలి, వదిలిన గాలి స్వరపట్టీ మీద సన్నటి గీతలుగా పడుతున్నాయి. మధ్యలో ఒకసారి గొంతు పూడుకుపోయిన చప్పుడు వచ్చింది. తుడవడానికి అలవాటుగా ముందుకు వెళ్ళిన చేతిని హైమవతి వెనక్కి తీసుకుంది.

*ఈ భాగంలో గొంతు ఎవరిది?* అని అడిగింది పూరణి.

"ఓదెలు," అంది హైమవతి.

*పోలిక లేదు. గొంతు ఎవరిది?*

"ఓదెలు."

*ఓదెలు ముద్రతో పోలిక లేదు. సాక్షి ఎవరు?*

ఇలాంటి ప్రశ్న ఒకటుందని ఆమెకు తెలుసు గానీ, అది ఎవరినైనా అడగడం ఎన్నడూ వినలేదు. అబద్ధపు సాక్ష్యమని తేలితే, రేపటి నుంచి ఈ కుర్చీలో ఇంకొకరుంటారు.

"నేను. హైమవతి. విన్నాను. ఆయనే," అని ముద్ర వేసింది.

పూరణి ఒప్పుకుంది. ఓదెలు పేరు పక్కన బూడిదరంగు పోయి పచ్చరంగు వచ్చింది. స్వరూప మైకు వదిలి గోడ వారగా కూర్చుంది. అది చూసిన మొగిలి, తన వంతు వచ్చిందని గుర్తొచ్చి, మైకు ముందుకు వెళ్ళి నోరు తెరిచాడు.

తెరిచిన తర్వాత గానీ తెలియలేదు, తనకు మాట అందలేదని.

అతను స్వరూప వైపు చూశాడు. ఆమె చూడలేదు. ఇన్నేళ్ళుగా బావ ఆఖరి మాట మీద తప్ప అతను ఎన్నడూ లేవలేదు. సొంతంగా మొదలుపెట్టడం అతనికి రాదు, రావాలని ఎప్పుడూ అనుకోలేదు కూడా. తెర మీద పూరణి అతనికి మాటలు చూపించసాగింది: *మసి. నీడ. కూలి. పొద్దు. ఇల్లు.* ఏదో ఒకటి తీసుకోమన్నట్టు ఒకదాని తర్వాత ఒకటి వెలిగి ఆరిపోతున్నాయి. మొగిలి తల అడ్డంగా ఊపాడు. అది ఆగి, ఇంకొన్ని చూపింది. హైమవతి ఆ తెరను ఆర్పేసింది.

డప్పు తిరిగి తిరిగి మొదటికే వస్తోంది. మొగిలి మైకు పట్టుకుని, తల ఒక పక్కకు వంచి వింటూ నిలబడ్డాడు. స్వరపట్టీ మీద అతని ఊపిరి కూడా సన్నటి గీతలుగా పడుతోంది. హైమవతి రికార్డింగ్ ఆపలేదు.